చెట్టు మాను మీద పెరిగే పెద్ద ఫెర్న్‌లు: నాలుగింటిలో మీ ఇంటికి ఏది?

నర్సరీలో చెక్క పలక మీద వేలాడే స్టాగ్‌హార్న్ ఫెర్న్‌ని చూసి మనసు పారేసుకోవడం తేలిక. వర్షాకాలంలో కొంటాం, దసరా దాకా కళకళలాడుతుంది, సంక్రాంతికి కూడా ఫర్వాలేదు. అసలు పరీక్ష ఏప్రిల్, మే నెలల్లో. హైదరాబాద్‌లోనో విజయవాడలోనో వడగాలి మొదలయ్యాక మీ ఇంట్లో నిలబడేది ఏదో చూసి కొనాలి. కొన్న రోజున అన్నీ అందంగానే ఉంటాయి.

మనం ఎంచుకోవడానికి ముఖ్యంగా నాలుగున్నాయి. బర్డ్స్ నెస్ట్ ఫెర్న్ (ఆస్ప్లీనియం నిడస్), మామూలు స్టాగ్‌హార్న్ (ప్లాటీసీరియం బైఫర్కేటం), జెయింట్ స్టాగ్‌హార్న్ (ప్లాటీసీరియం సూపర్బం), మన తూర్పు కనుమల్లోనే పెరిగే ఓక్‌లీఫ్ ఫెర్న్ (డ్రైనేరియా క్వెర్సిఫోలియా). నాలుగూ అడవిలో చెట్ల మాను మీద, కొమ్మల సందుల్లో పెరుగుతాయి.

పెరట్లో మామిడి చెట్టు ఉన్నవాళ్లు ముందుగా అడిగేది ఒకటే: బదనికలాగా ఇది కూడా చెట్టుని పీల్చేస్తుందా? పీల్చదు. బదనిక తన వేరుని కొమ్మలోకి దించి నీళ్లూ పోషకాలూ లాగేసుకుంటుంది. ఈ ఫెర్న్‌ల వేళ్లు బెరడుని పట్టుకోవడానికే. నీళ్లు వాన నుంచి, ఎరువు పైనుంచి రాలి ఆకుల మధ్య చిక్కుకున్న చెత్త నుంచి. వేళ్ల చుట్టూ ఎప్పుడూ గాలి ఆడటం వీటికి అలవాటు కాబట్టే, మామూలు ఎర్రమట్టి కుండీలో పెడితే కుళ్లిపోతాయి.

ముందు మీ ఇంటిని చూడండి

మొదటిది గాలిలో తేమ. విశాఖ, కాకినాడల్లో మే నెల గాలి మనకి చెమటలు పట్టిస్తుంది. మనకి చిరాకు, ఈ ఫెర్న్‌లకి పండగ. హైదరాబాద్, కరీంనగర్, అనంతపురం వైపు మాత్రం మధ్యాహ్నం గాలి ఎండుగడ్డిలా ఉంటుంది. ఒకే మొక్క ఈ రెండు చోట్లా ఒకేలా బతకదు. యూట్యూబ్‌లో కేరళ వాళ్లో బెంగళూరు వాళ్లో చెప్పిన నీళ్ల లెక్క మనకి సరిపోకపోవడానికి కారణం కూడా ఇదే.

రెండోది వెలుతురు. నీడ మొక్కలని పేరుపడటంతో వీటిని చీకటి మూలల్లో పెట్టేస్తుంటారు. అడవిలో ఇవి ఉండేది నేల మీది చీకటిలో కాదు, కొమ్మల మధ్య చెదిరిన వెలుతురులో. మధ్యాహ్నం లైటు వేయకుండా పేపరు చదవగలిగే చోటైతే చాలు. ఉదయం ఎండ తగిలే తూర్పు బాల్కనీ అన్నిటికన్నా మంచిది. పడమటి బాల్కనీ అయితే షేడ్ నెట్ లేకుండా ఆలోచనే పెట్టుకోకండి.

మూడోది నీళ్లు. దీన్ని చాలామంది పట్టించుకోరు. బోరు నీళ్లలోని ఉప్పు ఆకుల మీద తెల్లటి మచ్చలుగా, వేళ్ల దగ్గర పొరగా పేరుకుంటుంది, ఆకు అంచులు మాడతాయి. వాన నీళ్లు పట్టి ఉంచుకోగలిగితే అంతకంటే మంచిది లేదు. ఏసీ నుంచి కారే నీళ్లు కూడా పనికొస్తాయి, వాటిలో ఉప్పు దాదాపు ఉండదు. వద్దనేది ఆర్వో మెషీన్ బయటికి వదిలే నీళ్లు. వృథా పోనివ్వడం ఎందుకని వాటినే మొక్కలకి పోస్తుంటారు. తాగే నీళ్లలోంచి తీసేసిన ఉప్పంతా అందులోనే ఉంటుంది. ఈ ఫెర్న్‌లకి అది బోరు నీళ్లకంటే చేటు.

నాలుగోది బరువు. అరచేతిలో ఇమిడే పిల్ల మొక్క కొన్నేళ్లకి ఎంతవుతుందో ముందే తెలుసుకోవాలి. బోర్నియోలోని డానమ్ వ్యాలీ అడవుల్లో పెద్ద బర్డ్స్ నెస్ట్ ఫెర్న్‌లు, పట్టి ఉంచుకున్న చెత్తా తేమతో కలిపి, 200 కిలోల దాకా తూగుతాయి. ఆ బుట్టల్లో ఎన్ని పురుగులుంటాయంటే, వాటిని లెక్కలోకి తీసుకుని 2004లో వెలువడిన పరిశోధన అక్కడి అడవి పైకప్పులో ఉండే పురుగుల బరువు అంచనాని దాదాపు రెట్టింపు చేసింది. మీ బాల్కనీలో అంత పెరగదు కానీ, తడిసిన జెయింట్ స్టాగ్‌హార్న్‌ని ఒక్క మేకుకి వేలాడదీయడం మాత్రం తెలివైన పని కాదు.

ఐదోది, మొక్క ఎంతవరకు కాచుకుంటుంది అన్నది. కొన్ని ఫెర్న్‌లకి ఒకటే మొవ్వు ఉంటుంది. అది కుళ్లితే మొక్క పోయినట్టే. కొన్ని పిలకలు వేస్తాయి, ఒకటి పోయినా ఇంకొకటి మిగులుతుంది. ఫెర్న్‌లు కొత్త అయినవాళ్లకి అన్నిటికంటే ఎక్కువ తేడా తెచ్చేది ఇదే.

| | బర్డ్స్ నెస్ట్ | మామూలు స్టాగ్‌హార్న్ | జెయింట్ స్టాగ్‌హార్న్ | ఓక్‌లీఫ్ |
|---|---|---|---|---|
| సహజంగా పెరిగేది | ఆసియా ఉష్ణమండలం నుంచి పసిఫిక్ దీవుల దాకా | తూర్పు ఆస్ట్రేలియా, న్యూగినీ | తూర్పు ఆస్ట్రేలియా | భారత్, ఆగ్నేయాసియా, ఉత్తర ఆస్ట్రేలియా |
| కుండీలో | హాయిగా | పిల్లప్పుడు మాత్రమే | కుదరదు | వెడల్పు బుట్టలో |
| పొడి గాలి | అంచులు మాడతాయి | ఓర్చుకుంటుంది | కొంత ఓర్చుకుంటుంది | ఆకు రాల్చి నిద్రపోతుంది |
| నీళ్లు ఎక్కువైతే | మొవ్వు కుళ్లొచ్చు | కొన్ని పిలకలు మిగులుతాయి | మొక్క మొత్తం పోవచ్చు | దుంప కుళ్లొచ్చు, ముక్క మిగులుతుంది |
| పిలకలు | సాధారణంగా ఉండవు | పుష్కలం | ఉండవు | దుంప పాకుతూ పోతుంది |
| గది లోపల | సరే | కిటికీ పక్కన సరే | వద్దు | వద్దు |

బర్డ్స్ నెస్ట్: గది లోపలికి ముందుగా చూడాల్సింది ఇదే

చీలికలు లేని పొడవాటి ఆకులు మధ్య నుంచి గుండ్రంగా విచ్చుకుంటాయి, మధ్యలో నల్లటి ఈనె. అడవిలో ఆకు మీటరు దాటుతుంది, ఇంట్లో కుండీలో అందులో సగం పెరిగితే గొప్ప. టిష్యూ కల్చర్‌లో (ల్యాబులో చిన్న ముక్క నుంచి మొక్కలు పెంచే పద్ధతి) లక్షలకొద్దీ తయారవుతుంది కాబట్టి నాలుగింటిలో ఇదే చవక, కడియం నర్సరీల నుంచి ఊరి చివర నర్సరీ దాకా దొరుకుతుంది. పిల్లులకీ కుక్కలకీ విషం కాదు. ఈ మాట స్టాగ్‌హార్న్‌కి కూడా వర్తిస్తుంది.

కోకోపీట్ (కొబ్బరి పీచు పొట్టు), బెరడు ముక్కలు, కాస్త పెర్లైట్ (తెల్లటి తేలిక గుళికలు) కలిపిన తేలిక మిశ్రమంలో పెట్టండి. నీళ్లు కుండీ అంచు వెంట పోయాలి. అడవిలో వాన నేరుగా మొవ్వులోనే పడుతుంది కదా అంటే, అక్కడ గాలి ఆడుతుంది, నీళ్లు నిలవవు. మూసిన గదిలో మొవ్వులో నిలిచిన నీళ్లు రెండు మూడు రోజుల్లో కుళ్లు తెస్తాయి. కొత్తగా చుట్టలు విప్పుకుంటున్న లేత ఆకుల్ని వేలితో ముట్టుకోకపోతే మంచిది, నలిగితే ఆ మచ్చ ఆకు ఉన్నన్నాళ్లూ పోదు. ఆకు వెనక ఈనె నుంచి ఏటవాలుగా వరసలు కట్టిన గోధుమరంగు గీతలు పురుగో తెగులో కావు, అవి సిద్ధబీజాలు (స్పోర్లు), ఫెర్న్‌కి విత్తనాల బదులు ఉండేవి.

దీని బలహీనత పొడి గాలి. తెలంగాణ వేసవిలో ఏసీ గదిలో పెడితే ఆకు అంచులు మాడటం ఖాయం. ఏసీ గాలి నేరుగా తగలని చోట, నాలుగైదు మొక్కల మధ్య పెడితే చాలావరకు తట్టుకుంటుంది. పెరట్లో పెట్టేవాళ్లు వానాకాలంలో నత్తల మీద ఓ కన్నేసి ఉంచాలి, లేతాకులంటే వాటికి ప్రాణం.

మామూలు స్టాగ్‌హార్న్: అందరూ కోరుకునేది, చాలామందికి సరిపోయేది కూడా

దీనికి రెండు రకాల ఆకులుంటాయి. అడుగున చెక్కకి అంటుకుని గుండ్రంగా పరుచుకునేవి డాలు ఆకులు. వాటి మధ్య నుంచి బయటికొచ్చి కొమ్ముల్లా చీలేవి రెండో రకం, సిద్ధబీజాలు వచ్చేది వీటి కొసల్లోనే. డాలు ఆకులు మొదట పచ్చగా ఉండి తర్వాత గోధుమరంగులోకి తిరుగుతాయి. మొక్క ఎండిపోతోందని కత్తిరించేవాళ్లు చాలామంది. అవి అలా మారడం సహజం. మారాక కూడా వేళ్లని కప్పి తేమ పట్టి ఉంచేది అవే. ముట్టుకోకండి. కొమ్ము ఆకుల మీది తెల్లటి నూగుని దుమ్మనుకుని గుడ్డతో తుడవడం ఇంకో అలవాటు. ఆ నూగే ఆకులోంచి నీరు ఆవిరైపోకుండా కాపాడుతుంది. తుడిచేస్తే మొక్కకి మన వేసవిలో ఉన్న ఒక్క గొడుగూ తీసేసినట్టే.

ఈ నూగు వల్లనే బర్డ్స్ నెస్ట్ మాడిపోయే బాల్కనీలో కూడా స్టాగ్‌హార్న్ నిలుస్తుంది. వయసొచ్చాక చుట్టూ పిలకలు వేస్తుంది. కొన్నేళ్లకి గుత్తి గుండ్రంగా బంతిలా తయారవుతుంది, పిలకలు వేరుచేసి స్నేహితులకి పంచొచ్చు. కొద్దిపాటి మంచుని కూడా ఓర్చుకునే రకం కాబట్టి లంబసింగి, అరకు చలికి భయపడక్కర్లేదు.

నీళ్ల విషయంలో రోజుల లెక్క పెట్టుకోకండి. పలకని చేత్తో ఎత్తి చూడండి. తేలిగ్గా ఉంటే బకెట్ నీళ్లలో పది పదిహేను నిమిషాలు ముంచి, కారిపోయాక మళ్లీ తగిలించండి. బరువుగా ఉంటే వదిలేయండి. మే నెలలో రెండు మూడు రోజులకోసారి అవసరం పడొచ్చు, ముసురు పట్టిన వారం అసలు అక్కర్లేదు. కొమ్ము ఆకులు వాలితే దాహం. డాలు ఆకుల మొదట్లో నల్లగా మెత్తబడితే నీళ్లు ఎక్కువయ్యాయి. ఈ రెండింటిలో మొదటిదే నయం, ఒక్క మునకతో తేరుకుంటుంది.

ఎరువుల దుకాణాల్లో దొరికే 19:19:19ని (నత్రజని, భాస్వరం, పొటాష్ సమపాళ్లలో ఉండే ఎరువు) లీటరు నీళ్లకి అర గ్రాము చొప్పున వానాకాలంలో నెలకోసారి ఇస్తే చాలు. డాలు ఆకుల వెనక అరటి తొక్కలు దోపమనే సలహా ఇంటర్నెట్‌లో అంతటా కనిపిస్తుంది. తొక్కలో పొటాష్ తప్ప నత్రజని పెద్దగా ఉండదు, మన వేడికి అది ముందు చీమలనీ చిన్న ఈగలనీ పిలుస్తుంది. నేనైతే దోపను.

చూస్తూ ఉండాల్సిన పురుగులు పొలుసు పురుగు, పిండినల్లి. నూగుని చూసి పిండినల్లి అని పొరబడకండి: నూగు ఆకంతా సమానంగా ఉంటుంది, పిండినల్లి దూదిపింజలా ఒకచోట ముద్దకడుతుంది. వేపనూనె కొట్టాలంటే ముందు ఒక్క ఆకు మీద చూసి, ఎండ లేని వేళలోనే.

జెయింట్ స్టాగ్‌హార్న్: చోటు, ఓపిక, నిగ్రహం ఉన్నవాళ్లకి

క్వీన్స్‌లాండ్, న్యూ సౌత్ వేల్స్ వానల అడవుల మొక్క ఇది. దీని డాలు ఆకులు పైకి కిరీటంలా లేచి, పడిన ప్రతి ఆకునీ లోపలికి పట్టేస్తాయి. బాగా పెరిగితే మొత్తం మొక్క మనిషంత ఉంటుంది. ఫోటోల్లో చూసి అందరూ ఆశపడేది దీన్నే.

ఇబ్బందేమిటంటే ఇది పిలకలు వేయదు. ఒకటే మొవ్వు, ఒకటే మొక్క. సిద్ధబీజాల నుంచి తప్ప సహజంగా ఇంకో మొక్క రాదు, అందుకే ధర ఎక్కువ. పిల్ల మొక్కకి నీళ్లు ఎక్కువైతే తట్టుకోలేదు. మామూలు స్టాగ్‌హార్న్‌కి ఇచ్చినట్టు ఉత్సాహంగా ముంచుతూ పోతే మొవ్వు నల్లబడి, వారాల్లో అయిపోతుంది. ఫిలిప్పీన్స్‌కి చెందిన ప్లాటీసీరియం గ్రాండే పిల్ల మొక్కలు చూడటానికి అచ్చం దీనిలాగే ఉంటాయి, అమ్మేవాళ్లకి కూడా తేడా తెలియకపోవచ్చు. పెద్దయ్యాక సిద్ధబీజాలు వచ్చే ఒక్కో ఆకు మీద గోధుమరంగు సిద్ధబీజాల మచ్చ ఒకటుంటే సూపర్బం, రెండుంటే గ్రాండే.

విశాఖ, రాజమండ్రి వైపు పెద్ద చెట్టు నీడో, షేడ్ నెట్ ఇల్లో ఉండి, కనీసం రెండేళ్లు మామూలు స్టాగ్‌హార్న్‌ని బాగా పెంచినవాళ్లయితే దీన్ని తీసుకోండి. అపార్ట్‌మెంట్ బాల్కనీకి మాత్రం వద్దనే అంటాను, ఎంత ముచ్చటేసినా సరే.

ఓక్‌లీఫ్: మన ఎండాకాలం తెలిసిన మొక్క

అరకు, మారేడుమిల్లి దారుల్లో చెట్ల మీద, రాళ్ల మీద ఇది కనిపిస్తుంది. వేలెడు లావు దుంప, దాని మీద బంగారు రంగు పొలుసులు, మాను చుట్టూ పాకుతూ పోతుంది. దీనికీ రెండు రకాల ఆకులు. పొట్టిగా, ఎండిన ఆకుల్లా గోధుమరంగులో ఉండేవి చెత్తని పట్టే గిన్నెలు. పొడవుగా, లోతుగా చీలిన పచ్చ ఆకులు ఆహారం తయారుచేసేవి.

వేసవిలో నీళ్లు కరువైతే పచ్చ ఆకుల తమ్మెలన్నీ రాలిపోయి ఉత్త ఈనెలు పుల్లల్లా మిగులుతాయి. చూసినవాళ్లు చచ్చిపోయిందనుకుంటారు. దుంప లోపల బతికే ఉంటుంది, తొలకరికి మళ్లీ చిగురిస్తుంది. ఈ గుణమే కొందరికి వరం, కొందరికి తలనొప్పి. పెరట్లో చెట్టుండి, రోజూ చూసుకునే తీరిక లేనివాళ్లకి ఇంతకంటే నమ్మకమైన ఫెర్న్ లేదు. ఏడాదంతా పచ్చగా కనిపించాలనుకునే బాల్కనీ వాళ్లకి మాత్రం రెండు మూడు నెలలు పుల్లలు చూడటం నచ్చదు. వేసవిలోనూ నీళ్లిస్తూ నీడలో ఉంచితే చాలా ఆకులు నిలుస్తాయి, అప్పుడు దీని సౌలభ్యంలో సగం పోయినట్టే.

ఇంకో సంగతి. తమిళనాడులో ఏర్కాడు, కొల్లి కొండల్లో ఈ దుంపనే ముడవాట్టుకాల్ కిళంగు అని అమ్ముతారు, కీళ్ల నొప్పులకని సూప్ కాచుకుంటారు. ఆ గిరాకీ వల్ల చెట్ల మీంచి దుంపల్ని ఒలిచేయడం జరుగుతోంది. రిజర్వు అడవి నుంచి అనుమతి లేకుండా మొక్క తేవడం ఎలాగూ చట్టవిరుద్ధం. పెంచేవాళ్ల దగ్గర జానెడు దుంప ముక్క, రెండు కళ్లతో ఉన్నది, దొరికితే చాలు. కొబ్బరి పీచు మీద కట్టేస్తే పట్టుకుంటుంది.

ఇప్పుడు మీ సంగతి

అద్దె ఫ్లాట్, గోడకి మేకు కొడితే ఓనరు ఒప్పుకోడు అంటే బర్డ్స్ నెస్ట్ తీసుకోండి. కుండీతో సహా ఇల్లు మారొచ్చు.

తూర్పు లేదా ఉత్తరం బాల్కనీ ఉండి, వారానికి రెండుసార్లు బకెట్ పట్టుకునే ఓపిక ఉంటే మామూలు స్టాగ్‌హార్న్. హైదరాబాద్‌లో ఒక్క మొక్కే కొనాలంటే నా ఓటు దీనికే. మే నెల మొత్తం ఊరెళ్లిపోయే కుటుంబమైతే మాత్రం ముందు పక్కింటివాళ్లతో మాట్లాడుకోండి. పలక మీది మొక్కకి కుండీలోలా తేమ నిల్వ ఉండదు.

పెరట్లో పెద్ద చెట్టుంటే ఓక్‌లీఫ్, దానికి కాస్త పైన మామూలు స్టాగ్‌హార్న్. చెట్టు విషయంలో జాగ్రత్త: జామ, నీలగిరి బెరడు ఒలుచుకుంటాయి, కట్టిన మొక్క బెరడుతో పాటు ఊడిపోతుంది. తురాయి, బాదం ఆకు రాల్చే కాలం ఉంది, సరిగ్గా నీడ కావలసిన వేళ నెత్తిన ఎండ పడొచ్చు. మామిడి, సపోటా, పనస మంచివి. ఈత చెట్టు మీద మిగిలిపోయిన మట్టల మొదళ్లయితే ఫెర్న్‌కి కట్టించిన ఇల్లే. కట్టడానికి చేపల వలకి వాడే నైలాన్ దారం కానీ పాత నూలు గుడ్డ పేలికలు కానీ వాడండి. ఇనుప తీగ చుడితే ఏళ్లు గడిచేకొద్దీ అది మానులోకి కోసుకుపోతుంది.

ఫ్లోరిడాలో ఉన్న మనవాళ్లకి ఈ టెన్షన్ ఏదీ లేదు, అక్కడ ఓక్ చెట్లకి స్టాగ్‌హార్న్‌ని గొలుసులతో వేలాడదీసి దశాబ్దాలు పెంచుతారు. న్యూజెర్సీ, షికాగోల్లో చలికాలమంతా హీటర్ గాలి, అది హైదరాబాద్ మే నెలకి తక్కువేమీ కాదు. అక్కడ కూడా బర్డ్స్ నెస్ట్ కంటే కిటికీ పక్కన స్టాగ్‌హార్నే నయం.

కొనేటప్పుడు

ఆన్‌లైన్‌లో నీలం, గులాబీ రంగుల ఫోటోలతో స్టాగ్‌హార్న్ విత్తనాల ప్యాకెట్లు అమ్ముతుంటారు. ఫెర్న్‌కి విత్తనాలే ఉండవు, డబ్బులు దండగ. సిద్ధబీజాల నుంచి పెంచినా గుర్తుపట్టే సైజు రావడానికి ఏడాది, ఆపైనే పడుతుంది.

స్టాగ్‌హార్న్‌లలో మన దేశపు అడవుల్లో సహజంగా పెరిగేది ప్లాటీసీరియం వాలిచీ, అదీ మణిపూర్ వైపు. దాన్ని అమ్ముతామంటే ఎక్కడి నుంచి తెచ్చారో అడగండి. అడవి నుంచి పీకిన మొక్కయితే వద్దనండి.

బర్డ్స్ నెస్ట్ కొనేటప్పుడు మొవ్వులోకి తొంగిచూడండి, లేత చుట్టలు శుభ్రంగా, గట్టిగా ఉండాలి. స్టాగ్‌హార్న్ అయితే డాలు ఆకుల మధ్య చిగురు పచ్చగా ఉందా, పలకని కాస్త ఊపితే మొక్క కదలకుండా పట్టుకుందా చూడండి. కదిలితే అది నిన్నో మొన్నో కట్టిన మొక్క, వేళ్లు ఇంకా పట్టలేదు. ఓక్‌లీఫ్‌కి ఆకులు లేకపోయినా ఫర్వాలేదు, దుంప గట్టిగా ఉండి కొసన మెత్తటి కొత్త పొలుసులుంటే కొనొచ్చు.

ఏది కొన్నా జూన్ మూడో వారం తర్వాత కొనండి. ఏప్రిల్‌లో నర్సరీ షేడ్ నెట్ కింద, రోజుకి మూడుసార్లు నీళ్లు చల్లించుకున్న మొక్కని తెచ్చి బాల్కనీలో వేలాడదీస్తే, అది ఏ రకమైనా నెల తిరగకుండానే మాడుతుంది. తొలకరికి తెస్తే వచ్చే వేసవిలోపు వేళ్లు పట్టుకోవడానికి తొమ్మిది నెలల టైముంటుంది.